ఇసుక, కంకర బండి జప్తయితే ఎక్కడికి వెళ్ళాలి?

బళ్ళారి, హోసూరు, రాయగడ, నాందేడు, యానాం ఎక్కడ చూసినా టిప్పరో ట్రాక్టరో నడుపుకొని బతికే తెలుగు ఇళ్ళున్నాయి. లోడుతో బండిని పట్టేస్తే తొలి రెండు రోజులూ పరుగులతోనే పోతాయి. ఆ కంగారులో చదవకుండానే సంతకం పెట్టి వస్తాం. అవతల ఫైనాన్సు వాయిదా మాత్రం ఆగదు. అందుకే ఈ వివరాలు.

ముందుగా బండిని ఎవరు పట్టారో, ఏ చట్టం కింద పట్టారో తేల్చుకోవాలి. జప్తు కాగితం నకలు అడిగి తీసుకోండి. కర్ణాటక, తమిళనాడుల్లో దీన్ని మహజరు అంటారు, మహారాష్ట్రలో పంచనామా. అందులో రాసిన సెక్షన్‌ను బట్టే మన దారి ఉంటుంది.

మూలం 1957 నాటి గనులు, ఖనిజాల చట్టం. పర్మిట్ లేకుండా ఖనిజం తరలించకూడదని 4(1ఎ) సెక్షన్ చెబుతుంది. 21(4) కింద అధికారం పొందిన అధికారి బండిని జప్తు చేయవచ్చు. అయితే జప్తు వేరు, బండిని శాశ్వతంగా ప్రభుత్వపరం చేయడం వేరు. 21(4ఎ) ప్రకారం ఆ రెండోది కోర్టు ఉత్తర్వుతోనే జరగాలి. ఆఫీసులో ఎవరైనా ‘ఇక మీ బండి రాదు’ అంటే హడలిపోనక్కర లేదు.

గనుల శాఖ దగ్గర రుసుము కట్టి రాజీ చేసుకునే వీలు 23ఎ సెక్షన్‌లో ఉంది. చాలామందికి ఇదే దగ్గరి దారిగా కనిపిస్తుంది. కానీ అది నేరం ఒప్పుకున్నట్టే. పైగా పోలీసులు దొంగతనం కేసు కూడా పెట్టి ఉంటే, రాజీతో అది పోదు. 2020లో జయంత్ కేసులో సుప్రీంకోర్టు ఈ సంగతి స్పష్టం చేసింది. కాబట్టి డబ్బు కట్టే ముందు ఎఫ్ఐఆర్ ఉందో లేదో కనుక్కోండి.

కేసు తేలేదాకా బండిని మన కస్టడీకి ఇమ్మని కోర్టును అడగవచ్చు. 2024 జూలై 1 నుంచి అమల్లోకి వచ్చిన నాగరిక్ సురక్షా సంహితలో ఇందుకు 497, 503 సెక్షన్లు ఉన్నాయి. పాత వకీళ్ళు ఇప్పటికీ 451, 457 అనే అంటారు, రెండూ ఒకటే. బళ్ళను స్టేషన్ ఆవరణలో ఏళ్ళ తరబడి తుప్పు పట్టనివ్వకూడదనీ, ఫోటోలు తీసి, బాండు, పూచీ తీసుకొని విడుదల చేయాలనీ 2002లో సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. దరఖాస్తులో ఈ తీర్పును తప్పక చూపించండి. ఇలా వచ్చిన బండిని అమ్మకూడదు, పిలిచినప్పుడు కోర్టు ముందు పెట్టాలి. ఈ నేరాలకు కొన్నిచోట్ల ప్రత్యేక కోర్టులున్నాయి, మీ జిల్లాలో ఏదో తెలుసుకున్నాకే దరఖాస్తు వేయండి.

మహారాష్ట్రలో దారి వేరు. అక్కడ భూమి రెవెన్యూ స్మృతి 48వ సెక్షన్ కింద తహసీల్దారే బండి పట్టగలడు. 48 గంటల్లో దాన్ని కలెక్టరు ముందో, అధికారం ఉన్న డిప్యూటీ కలెక్టరు ముందో హాజరుపరచాలి. జరిమానా, సొంత బాండు తీసుకొని వాళ్ళు వదలవచ్చు. ఆ ఉత్తర్వు అన్యాయమనిపిస్తే రెవెన్యూ అప్పీలు ఉంది.

లోడు అడవి భూమిలోదైతే చిక్కు ఎక్కువ. కర్ణాటకలో అటవీ అధికారే బండిని ప్రభుత్వపరం చేయగలడు. యజమాని తనకు తెలియకుండా జరిగిందనీ, తాను తగిన జాగ్రత్త తీసుకున్నాననీ రుజువు చేసుకోవాలి. డ్రైవరుకు ఇచ్చిన ట్రిప్పు షీట్లు, ఫోన్ మెసేజీలు అప్పుడు పనికొస్తాయి.

మనవాళ్ళ దగ్గర మేము చూసే ఇంకో ఇబ్బంది ఆర్సీ. బండి నడిపేది హోసూరులో, ఆర్సీ చిత్తూరులోని బావగారి పేరున. విడుదల దరఖాస్తు మామూలుగా ఆర్సీలో పేరున్నవాళ్ళే వేయాలి. బావగారు రాలేకపోతే బండి అక్కడే ఉండిపోతుంది. సెకండ్‌హ్యాండ్‌లో కొన్నవాళ్ళు పేరు మార్పించుకోవడం వాయిదా వేయకండి.

అధికారులు ఫిర్యాదూ వేయక, బండీ వదలకపోతే హైకోర్టులో రిట్ వేయవచ్చు. బళ్ళారివాళ్ళకు ధారవాడ బెంచ్, రాయచూరువాళ్ళకు కలబురగి, ఒడిశావాళ్ళకు కటక్, యానాంవాళ్ళకు చెన్నై.