పెండ్లికూతును చేయుట: పెరంబూరు తెలుగువారి వధూవేషమును గూర్చి ఒక పరిశీలనము

తెలుగున "పెండ్లికూతును చేయుట" యను పలుకుబడి కలదు. పెండ్లి నిశ్చయమైన కన్యకు ముత్తైదువలు తలయంటి, నలుగిడి, మంగళస్నానము చేయించి, పాదములకు పారాణి పూసి, నుదుట కల్యాణతిలకమును, చెక్కిట బుగ్గచుక్కను దిద్ది హారతి యిచ్చుటయే దీని యర్థము. ఈ వాక్యమున కర్తలు ముత్తైదువలు, కర్మ కన్య. తన ముఖము నెట్లు దిద్దవలెనో చెప్పుట కామెకు ఇందు చోటు లేదు. నేడు పెరంబూరున పెండ్లి కుదిరిన తెలుగు యువతి ముహూర్తమునకు ఎన్నో దినములు ముందుగనే అద్దము ముందు కూర్చుండి, ఏ రంగు, ఎంత పూత, ఎవరి చేతిమీదుగా అని తానే నిర్ణయించుకొనుచున్నది. వధువు కర్మస్థానమునుండి కర్తృస్థానమునకు వచ్చిన యీ మార్పు ఎట్లు కలిగినది? ఇందు నిలుపుకొనదగిన దేది? విడువదగిన దేది? ఈ ప్రశ్నలను విచారించుటయే యీ వ్యాసముయొక్క ఉద్దేశము.

ప్రాచీన కావ్యములలో వధూవేషవర్ణన మొక ముఖ్యఘట్టము. కాళిదాసు కుమారసంభవమున సప్తమసర్గలో పార్వతిని పురంధ్రులు అలంకరింతురు. అగరు గోరోచనములతో దేహమున పత్రరేఖలు వ్రాయుదురు. తల్లియైన మేనక స్వయముగా తిలకము దిద్దును. నైషధకావ్యమున దమయంతికి చెలికత్తెలు చేయు అలంకారమును శ్రీహర్షుడు విపులముగా వర్ణించెను. శ్రీనాథుడు ఆ కావ్యమును తెనిగించి తెలుగువారికి సన్నిహిత మొనర్చెను. రెండు కావ్యములలోను అలంకరించు చేతులు ఇతరులవే. అయినను పార్వతియు దమయంతియు తమ వరులను తామే కోరుకొన్న కన్యలు. ఆ భాగ్యము తరువాతి కాలమున పెక్కుమంది తెలుగు బాలికలకు లేకపోయెను.

కోస్తాజిల్లాల వివాహములలో మేనమామలు వధువును గంపలో కూర్చుండబెట్టి మండపమునకు తెచ్చు ఆచారము నేటికిని కలదు. నేడది వేడుక, వధువు పసిపిల్లయై యున్న దినములలో సులభమైన పని. ఆరేడేండ్ల బిడ్డను పెండ్లికూతును చేయునపుడు ఆమె యిష్టము నడుగువా రెవరు? ఆ బిడ్డ వితంతువైనచో పూవులను, బొట్టును తొలగించునపుడును ఎవరును అడుగలేదు. కందుకూరి వీరేశలింగము పంతులుగారు 1881 డిసెంబరు 11వ తేదీన రాజమహేంద్రవరమున తొలి వితంతువివాహమును జరిపించినపుడు, ఒక బాలికకు మరల తిలకము దిద్దుటయే సంఘసంస్కారమాయెను. పంతులుగారు 1919లో ఈ చెన్నపురియందే కన్నుమూసిరి. 1929 నాటి శారదా చట్టము 1930 ఏప్రిల్ 1 నుండి అమలులోనికి వచ్చి బాలికల వివాహవయస్సును 14 ఏండ్లుగా నిర్ణయించెను. అది 1949లో 15కును, 1978లో 18కిని పెరిగెను. వధువు చేతికి అద్దము నిచ్చినది అంగడి యనుకొందుము. మొదట నిచ్చినవి చదువును, ఈ చట్టమును.

ఇక పెరంబూరు. 1856 ప్రాంతమున మదరాసు రైల్వే కర్మాగారము, తరువాత బకింగ్‌హాము కర్ణాటకు మిల్లులు, 1955లో ఇంటిగ్రల్ కోచ్ ఫ్యాక్టరీ ఈ ప్రాంతమును శ్రామికుల పేటగా తీర్చిదిద్దినవి. మిల్లులు 1996లో మూతపడినను రైలుపెట్టెల పని సాగుచునేయున్నది. 1953లో ఆంధ్రరాష్ట్రము వేరుపడగా ఇచ్చటి తెలుగువారు అల్పసంఖ్యాక భాషాజనులై నిలిచిరి. తమిళులు, ఆంగ్లో ఇండియనులు, మహమ్మదీయులు ఇరుగుపొరుగుగా నున్న పేటలో వధూవేషము ఏకరూపముగా నుండుట అసంభవము. రాగిడి, నాగరము వంటి జడసొమ్ముల పేర్లు తెలుగు తమిళములు రెండింటను వినవచ్చుచున్నవి. ఇది ఇచ్చిపుచ్చుకొనుటయే గాని లోపము కాదు. కాని పిల్లలు "నెట్రిచుట్టి" యనుట నేర్చి "పాపిటబిళ్ళ", "చేరుచుక్క" యను మాటలను మరచినచో, ఆ సొమ్ము పెట్టెలోనే యున్నను పేరు పోయినట్లే.

ఆనాటి అలంకారద్రవ్యములు చాలవరకు వంటింటివే. నలుగుపిండి పెసలనుండి, సెనగలనుండి వచ్చినది. పసుపును సున్నపునీటితో కలిపినచో క్షారగుణముచే పసుపువన్నె ఎఱ్ఱనగును, అదియే పారాణి. దీపపు మసినుండి కాటుక, మాడ్చిన సగ్గుబియ్యమునుండి చాదు సిద్ధమగుచుండెను. తరువాత అంగడి ప్రవేశించెను. 1919లో బొంబాయినుండి ఆఫ్ఘన్ స్నో, 1938లో ఆరంభమైన మదరాసు అరవింద్ లేబొరేటరీసువారి ఐటెక్స్ కాటుక, 1952లో టాటావారి లాక్మే వరుసగా వచ్చినవి. వడపళని స్టూడియోలలో తయారైన మల్లీశ్వరి (1951), మాయాబజారు (1957) వంటి చిత్రములు పెండ్లికూతురి ముఖమునకు క్రొత్త ప్రమాణము నేర్పరచినవి. కాని చిత్రములోని పూత తీవ్రదీపములకును, నలుపు తెలుపు ఫిలుమునకును ఉద్దేశింపబడినది. దానినే పగటివెలుగున పూసికొన్నచో ముఖము ముసుగువలె తోచును.

ఈ చరిత్రలో విచారింపదగిన అంశము మరియొకటి కలదు. తెల్లని మేనే అందమను భ్రమ. 1975లో వచ్చిన ఫెయిర్ అండ్ లవ్లీ అను లేపనము 2020లో ఆ పేరును మార్చుకొనవలసివచ్చెను. పేరు మారినను భ్రమ తొలగలేదు. చర్మమును తెలుపుచేయు కొన్ని లేపనములలో పాదరసము కలదనియు, అది మూత్రపిండములకు హానికరమనియు ప్రపంచ ఆరోగ్యసంస్థ హెచ్చరించినది. చామనచాయ కన్యకు తెల్లని పూత పూసినచో మెడకును ముఖమునకును పొత్తు కుదరదు. అంతకంటె మిక్కిలి హాని, "నీ రంగు పెండ్లికి తగదు" అని ఆమెకు ఆ దినముననే చెప్పినట్లగుట.

కావున నిర్ణయమునకు మూడు ఆధారములు కలవు. మొదటిది క్రతువు. నుదుట బాసికము కట్టుదురు, నడినెత్తిన జీలకఱ్ఱబెల్లము పెట్టుదురు, తలంబ్రాలు కురియును, హోమధూమము కనులను తాకును. బాసికమునకు, నడినెత్తికి చోటు విడువని అలంకారము, కన్నీటికి నిలువని కాటుక క్రతువున కాటంకములు. రెండవది వెలుగు. తెలుగువారిలో రాత్రి ముహూర్తములు మెండు. గౌరీపూజకు కట్టిన పట్టుచీర వేరు, తెల్లని మధుపర్కములు వేరు. పూత ఈ రెండు వస్త్రములకును, ఆ వేళకును పొందవలెను. మూడవది దేహము. క్రొత్త ద్రవ్యమును కొన్ని దినములు ముందుగా ముంజేతిపై కొంచెము పూసి చూచుట మేలు. పెండ్లినాడు ప్రథమపరీక్ష చేయరాదు.

వీనిలో క్రతువును పెద్దలు చెప్పవచ్చును. వెలుగును అలంకరించువారు చెప్పవచ్చును. దేహమును గూర్చి చెప్పవలసినది వధువే. బుగ్గచుక్క దిద్దు చేయి అమ్మమ్మదే కావచ్చును. ఆ చేయి యుండుట అందము. కాని "ఇట్లు దిద్దనా, అమ్మా?" అని ఆ చేయి యొకసారి ఆగి అడుగవలెను. "పెండ్లికూతును చేయుట" యను పలుకుబడిని మనము మార్చుకొననక్కరలేదు. అందు వధువు మాటకు చోటు కల్పించిన చాలును.