ముప్పదియేండ్లు నిండని తండ్రి

చలనచిత్ర చరిత్రను వ్రాయువారు సాధారణముగా నాయకునితో ప్రారంభించి నాయికతో ముగింతురు. తండ్రి, అన్న, మంత్రి, జమీందారు, ఊరిపెద్ద మొదలగు పాత్రలను ధరించినవారికి చివర నొక పంక్తి దక్కిన దక్కును, లేకున్న లేదు. ఐనను ఆ పెద్దలు లేనిదే తెలుగు కథ నడువదు. ఏలయన తెలుగు కుటుంబమే పెద్దల మాటపై నడచుచుండెను. ఇట్టి గుణచిత్ర నటులలో అగ్రగణ్యులు గుమ్మడి వెంకటేశ్వరరావుగారు. వారు పేరు గడించిన ఈ చెన్నపట్టణముననే స్థిరపడిన మనము వారి చరిత్రను ఎరిగియుండుట ఉచితము.

గుమ్మడివారు 1927 జూలై 9వ తేదీన, నాటి గుంటూరు జిల్లాలో తెనాలికి సమీపమున నున్న రావికంపాడు గ్రామమున జన్మించిరి. తెనాలి సీమ నాటకములకు పేరుపొందినది. నాటకాభిమానముతో మద్రాసు చేరిన గుమ్మడివారు 1950లో విడుదలయైన 'అదృష్టదీపుడు'తో చిత్రరంగమున ప్రవేశించిరి. మొదట అవకాశములు అంతంతమాత్రమే. నందమూరి తారక రామారావుగారు తమ సొంత సంస్థ చిత్రములైన 'పిచ్చి పుల్లయ్య' (1953), 'తోడు దొంగలు' (1954)లలో మంచి పాత్రల నిచ్చి వారిని నిలువబెట్టిరి.

1955లో పి. పుల్లయ్యగారి దర్శకత్వమున 'అర్ధాంగి' వెలువడినది. అందు గుమ్మడివారు జమీందారు. కుమారుడు అక్కినేని నాగేశ్వరరావుగారు. అక్కినేనివారు జన్మించినది 1924లో. అనగా తండ్రికంటె కుమారుడే మూడేండ్లు పెద్ద! తల నెరపించినంత మాత్రమున యువకుడు వృద్ధుడు కాడు. నడకలో బరువు, చూపులో అనుభవము, మాటలో నిదానము రావలెను. ఈ మూడును వారికి అబ్బినవి. నాటినుండి నాయక వేషముల బాట వారికి దాదాపు మూసికొనిపోయినది. కాని అంతకంటె దీర్ఘమైన బాట తెరచుకొన్నది.

వడపళని వాహినీ స్టూడియోలో నిర్మితమైన 'మాయాబజార్' (1957)లో వారు బలరాముడు. ఇట్టే కోపించి, ఇట్టే పొగడ్తలకు లొంగిపోవు ఆ పెద్దన్నను చూచినప్పుడు, మన ఇండ్లలోని పెదనాన్న ఎవరో ఒకరు జ్ఞప్తికి రాకమానరు. కృష్ణుడైన రామారావుగారు 1923లో జన్మించినవారు. ఇచటను తమ్ముడే వయసున పెద్ద.

1962లో కమలాకర కామేశ్వరరావుగారి దర్శకత్వమున వచ్చిన 'మహామంత్రి తిమ్మరుసు'లో చిత్రమునకు పేరైన పాత్రయే వారిది. యువరాజు మరణము, తిమ్మరుసుపై నింద, కన్నులు తీయించుట అను వృత్తాంతము పోర్చుగీసు వర్తకుడు నూనిజ్ వ్రాతలలో గలదు. చిత్రము మంత్రిని నిర్దోషిగా చూపినది. రాయలవారు 'అప్పాజీ' యని పిలిచినపుడు, పిలిచిన నటుడు నాలుగేండ్లు పెద్దయని ప్రేక్షకునికి స్ఫురింపదు. ఆ యేటి ఉత్తమ తెలుగు చిత్రముగా అది జాతీయ బహుమానము నందినది.

ప్రభుత్వము 1977లో పద్మశ్రీ బిరుదముతో వారిని గౌరవించినది. 1998వ సంవత్సరపు రఘుపతి వెంకయ్య పురస్కారము కూడ వారికి లభించినది. క్రమముగా తెలుగు చిత్రపరిశ్రమ హైదరాబాదునకు తరలినది. గుమ్మడివారును అచటికే చేరిరి. 2010 జనవరి 26వ తేదీన, 82 యేండ్ల వయసున, అచటనే కన్నుమూసిరి. రంగులద్దిన 'మాయాబజార్' విడుదలయైనది ఆ తరువాత నాలుగవ దినమున.

పరిశ్రమ తరలినది; మనము తరలలేదు. 2018నుండి ఆంధ్రదేశమునకు పోవు బస్సులు మన మాధవరమునుండియే బయలుదేరుచున్నవి. వానిని ఎక్కి బంధువుల ఇంటికి పోయిన మన పిల్లలు అచట తెలుగున తడబడుచున్నారు. 2006నాటి చట్టము ననుసరించి బడిలో తమిళము తప్పనిసరి. ఉన్న యూరి భాష నేర్చుట మంచిదే. తెలుగు మాత్రము ఇంటిలో నేర్వవలసిన భాషయైనది. అట్టి ఇంటికి తొందరలేక, పలుకు నలుగనీయక మాటాడు పెద్ద యొకడు కావలెను. గుమ్మడివారు అర్ధశతాబ్దము తెరపై చేసిన పని అదియే. వారి చిత్రములను పిల్లలకు చూపుదము. కాని తెరమీది తండ్రి కథ చెప్పునేకాని, పిల్లవాని ప్రశ్నకు బదులు చెప్పలేడు. ఆ బదులు మనమే తెలుగున చెప్పవలెను.