ఒక్క బంటు, రెండు జవాబులు

నల్లపావులు పట్టినవాడికి మొదటి ఎత్తు తన చేతిలో ఉండదు. ఎదుటివాడు ఈ4 తోస్తాడో, డీ4 తోస్తాడో తెలియదు. అందుకే చాలామంది పిల్లలు ఒకదానికి సిసిలియన్, ఇంకోదానికి కింగ్స్ ఇండియన్ అంటూ ఒకదానికొకటి పొంతన లేనివి బట్టీపట్టి అలసిపోతారు. కడపలో టోర్నీలకు తయారయ్యే పిల్లల ముందు నేనైతే 1927 నాటి బ్యూనస్ ఎయిర్స్ ఆటలు పెడతాను.

ఆ ఏడాది సెప్టెంబర్ 16న ప్రపంచ చాంపియన్ క్యాపాబ్లాంకా ఈ4తో మొదలుపెట్టాడు. కిరీటం కోసం సవాలు విసిరిన అలెఖైన్ తన రాజు ముందున్న బంటును ఒక్క గడి జరిపాడు: ఈ6. ఆ వెంటనే డీ5. ఇదే ఫ్రెంచ్ డిఫెన్స్. 1834లో లండన్‌తో ఉత్తరాల మీద మొదలైన పందెంలో పారిస్ క్లబ్బు దీన్ని ఆడి గెలిచింది, ఆ పేరే నిలిచింది. అలెఖైన్ కూడా గెలిచాడు. క్యాపాబ్లాంకా ఆ మ్యాచ్‌లో మళ్లీ ఈ4 జోలికి పోలేదు. డీ4కు మారితే అక్కడా దాదాపు ప్రతిసారీ ఎదురైనవి ఆ రెండు బంట్లే. మొత్తం 34 ఆటల్లో 32 క్వీన్స్ గ్యాంబిట్ డిక్లైన్డ్! ఇద్దరిలో ఎవరు నల్లపావులు పట్టినా అదే. 25 డ్రాలు పోగా 6–3తో కిరీటం అలెఖైన్‌కు దక్కింది.

ఈ6, డీ5 జంటలో నాకు నచ్చేది ఇదే. డీ4కు ఈ6 ఆడితే తెల్లవాడు ఈ4 తోసి ఫ్రెంచ్‌లోకి లాగవచ్చు, అదీ మనకు తెలిసిందే. సీ4 అన్నా, గుర్రం ముందు దూకినా ఈ బంట్లు అక్కడే నిలుస్తాయి. ఫ్రెంచ్, క్వీన్స్ గ్యాంబిట్ రెండింట్లోనూ సీ5 తోసి ఊపిరి తీసుకోవాలి. ఇరుకు ఉంది, కాదనను. సీ8 శకటు సొంత బంటు వెనకే చిక్కుకుంటుంది. దాన్ని బీ6 ఆడి బయటికి తేవడమో, మార్చుకోవడమో ఓపికగా నేర్చుకోవాలి.

గుంటూరు బిడ్డ, 2004 ప్రపంచ జూనియర్ చాంపియన్ పెంటేల హరికృష్ణ ఈ ఫ్రెంచ్ మీదే ‘ఫ్రెంచ్ టోస్ట్’ పేరుతో వివరమైన ఆన్‌లైన్ పాఠాలు చేశాడు. 2024లో సింగపూర్ ప్రపంచ పోరుకు చెన్నై తెలుగింటి గుకేశ్‌ను సిద్ధం చేసిన జట్టులోనూ ఉన్నాడు. నవంబర్ 25న తొలి ఆటలో గుకేశ్ ఈ4 తోశాడు. ప్రత్యర్థి డింగ్ లిరెన్ జవాబు ఈ6. డింగ్ గెలిచాడు. 13వ ఆటలో గుకేశ్ మళ్లీ ఈ4, డింగ్ మళ్లీ ఈ6. గుకేశ్ ఎంత ఒత్తిడి పెట్టినా డ్రానే. కిరీటం అతనికి డిసెంబర్ 12న నల్లపావులతో గెలిచాకే దక్కింది.