ఖాదర్ ఖాన్: కాబుల్‌లో పుట్టి, బొంబాయి గల్లీల మాటను తెరకెక్కించిన మనిషి

హిందీ సినిమాలో మాటల రచయితగా, విలన్‌గా, కమెడియన్‌గా నాలుగు దశాబ్దాలకు పైగా పనిచేసిన ఖాదర్ ఖాన్ 1937లో అఫ్ఘానిస్తాన్ రాజధాని కాబుల్‌లో పుట్టారు. వాళ్లది కాకర్ తెగకు చెందిన పఠాన్ కుటుంబం. తండ్రి అబ్దుల్ రహ్మాన్ కాందహార్ వాసి. తల్లి ఇక్బాల్ బేగంది ఇప్పుడు పాకిస్తాన్‌లో ఉన్న పిషీన్ ప్రాంతం. ఖాదర్ ఖాన్ కంటే ముందు పుట్టిన ముగ్గురు అన్నలూ చిన్నతనంలోనే చనిపోయారు. ఈ నేల మన పిల్లలకు అచ్చిరాలేదని తల్లి భయపడింది. ఈ పిల్లాడినైనా దక్కించుకోవాలని కుటుంబం బొంబాయికి వలస వచ్చింది.

కామాఠీపురా బాల్యం

చేతిలో డబ్బు లేదు, తెలిసినవాళ్లు లేరు. తలదాచుకున్నది కామాఠీపురా మురికివాడలో. కొన్నాళ్లకు తల్లిదండ్రులు విడిపోయారు. తల్లికి రెండో నికాహ్ జరిగినా ఇంట్లో కష్టాలు తీరలేదు. వారంలో కొన్ని రోజులు పస్తులే ఉండేవాళ్లమని ఆయన తర్వాతి రోజుల్లో ఇంటర్వ్యూల్లో చెప్పారు.

ఒకరోజు తోటి పిల్లలతో కలిసి ఫ్యాక్టరీలో కూలికి పోదామని బయల్దేరితే, వెనక నుంచి తల్లి చెయ్యి భుజం మీద పడిందట. ఈ రోజు కూలికి పోతే జీవితాంతం ఆ మూడు రూపాయల దగ్గరే ఉండిపోతావు, ఇంట్లో పేదరికం పోవాలంటే చదువుకో అని ఆమె చెప్పిన మాటను ఆయన చివరిదాకా తలుచుకున్నారు. తన తాలీం మొత్తం ఆ ఒక్క మాట మీదే నిలబడిందని అనేవారు.

తల్లి నమాజ్‌కు పంపిస్తే కుర్రాడు మెల్లగా జారుకుని దగ్గర్లోని ఖబరస్తాన్‌కు పోయేవాడు. పగలు విన్న మాటలను, చూసిన మనుషులను అక్కడ ఒంటరిగా గట్టిగా అనుకరించేవాడు. అలా చూసిన ఒక నాటక కళాకారుడు పిలిచి నాటకంలో వేషం ఇచ్చారు. రంగస్థలంతో సంబంధం అక్కడే మొదలైంది.

లెక్చరర్ నుంచి రచయితగా

ఇస్మాయిల్ యూసుఫ్ కాలేజీలో చదివి, తర్వాత సివిల్ ఇంజినీరింగ్‌లో అర్హత సాధించారు. బైకుల్లాలో ఉన్న ఎం.హెచ్. సాబూ సిద్దీఖ్ ఇంజినీరింగ్ కాలేజీలో పాఠాలు చెప్పారు. పగలు క్లాసులు, సాయంత్రం నాటకాలు. ఆయన రాసిన 'లోకల్ ట్రైన్' నాటకానికి పోటీలో బహుమతులు రావడంతో సినిమావాళ్ల కళ్లు పడ్డాయి. 'జవానీ దీవానీ' (1972)కి మాటలు రాసే పని దొరికింది. ముట్టింది 1,500 రూపాయలు. రెండేళ్లకే మన్‌మోహన్ దేశాయ్ 'రోటీ' (1974)కి 1,21,000 రూపాయలు ఇచ్చారు. అంటే దాదాపు 80 రెట్లు. నటుడిగా తొలి సినిమా 'దాగ్' (1973). దిలీప్ కుమార్ కూడా ఆయన నాటకం చూసి మెచ్చి తన సినిమాల్లో అవకాశం ఇప్పించారు.

గల్లీ భాషే బలం

అప్పటిదాకా హిందీ సినిమా మాటల్లో బరువైన ఉర్దూ, పుస్తకాల హిందీ ఎక్కువ. ఖాదర్ ఖాన్‌కు ఉర్దూ బాగా వచ్చు. అయినా టీ కొట్టు దగ్గర, చాల్ మెట్ల మీద జనం మాట్లాడే బొంబాయి భాషనే తీసుకున్నారు. 'అమర్ అక్బర్ ఆంథోనీ' (1977)లో ఆంథోనీ మాట తీరు అందుకు ఉదాహరణ. ఆ సినిమానే తెలుగులో 'రామ్ రాబర్ట్ రహీమ్' (1980)గా వచ్చింది.

'ముఖద్దర్ కా సికందర్' (1978)లో మాటలు రాయడమే కాదు, ఖబరస్తాన్‌లో ఏడుస్తున్న అనాథ పిల్లాడికి దుఃఖాన్ని చూసి నవ్వడం నేర్చుకోమని చెప్పే ఫకీర్‌గా ఆయనే కనిపిస్తారు. సమాధుల మధ్య మాటలు నేర్చుకున్న కుర్రాడికి ఆ సీన్ కొత్తేమీ కాదు.

తెలుగువారితో బంధం

1983లో పద్మాలయా సంస్థ కృష్ణ నటించిన 'ఊరికి మొనగాడు'ను 'హిమ్మత్‌వాలా'గా తీసింది. దర్శకుడు కె. రాఘవేంద్రరావు. మాటలు ఖాదర్ ఖాన్‌వి. శ్రీదేవికి హిందీలో పెద్ద గుర్తింపు తెచ్చిన ఈ సినిమాలో ఆయన వేసిన మునీమ్ పాత్ర కూడా జనానికి బాగా ఎక్కింది. తర్వాత 'జస్టిస్ చౌదరి', 'మవాలీ', 'తోహ్ఫా' లాంటి రీమేకులకూ ఆయన కలమే పనిచేసింది. తెలుగు కథ ఉత్తరాది ఊళ్లల్లో నడవాలంటే మాట అక్కడి మనిషి మాటలా ఉండాలి. ఆ పని ఆయన చేశారు.

1990లలో గోవిందాతో చేసిన కామెడీలు బాగా ఆడాయి. అయితే ఈ రోజుల మాటల్లో కొన్ని మోటుగా, ద్వంద్వార్థాలతో ఉన్నాయన్న విమర్శ కూడా ఉంది. అది కాదనలేనిది. ఇంట్లో అందరూ కూర్చుని చూసేటప్పుడు ఇబ్బంది పెట్టే సీన్లు వాటిలో ఉన్నాయి.

దీన్ వైపు

పేరు, డబ్బు వచ్చాక ఆయన మళ్లీ విద్యార్థి అయ్యారు. హైదరాబాద్ ఉస్మానియా యూనివర్సిటీ ద్వారా అరబిక్, ఇస్లామిక్ విద్య చదివారు. దీన్‌ను మామూలు మనిషికి అర్థమయ్యే భాషలో చెప్పాలన్నది ఆయన తపన. సినిమాలు తగ్గించుకుని ఆ పనికి టైం ఇచ్చారు.

చివరి రోజులు

మెదడుకు సంబంధించిన జబ్బు వల్ల నడక, మాట దెబ్బతిన్నాయి. మాటలతోనే బతికిన మనిషి మాట్లాడటానికి కష్టపడ్డారు. కెనడాలో కొడుకు దగ్గర ఉంటూ 2018 డిసెంబర్ 31న 81 ఏళ్ల వయసులో ఇంతెఖాల్ అయ్యారు. ఖననం కూడా అక్కడే జరిగింది. కొద్ది వారాలకే, 2019 జనవరిలో, కేంద్ర ప్రభుత్వం పద్మశ్రీ ప్రకటించింది. అందుకోవడానికి ఆయన లేరు.

ముఖ్య వివరాలు

నటించిన సినిమాలు: సుమారు 300
ఫిల్మ్‌ఫేర్, మాటలకు: 'మేరీ ఆవాజ్ సునో', 'అంగార్'
ఫిల్మ్‌ఫేర్, హాస్యనటుడిగా: 'బాప్ నంబరీ బేటా దస్ నంబరీ'
పద్మశ్రీ: 2019 (మరణానంతరం)

కాబుల్‌లో పుట్టి, బొంబాయిలో పెరిగి, కెనడా మట్టిలో కలిసిన ఆయన కథలో మన పిల్లలకు చెప్పుకోదగ్గది సినిమా ఒక్కటే కాదు. తిండికి లేని ఇంట్లో కూడా కొడుకును కూలికి పోనివ్వకుండా బడికి తిప్పి పంపిన ఒక అమ్మీ కథ కూడా అందులో ఉంది.