టెలివిజన్ వద్దన్న ఊరు

కెనడా దేశపు ఉత్తర కొసన, సముద్రము చాలా నెలలు గడ్డకట్టి ఉండే చోట, ఇగ్లూలిక్ అనే చిన్న ఊరు ఉన్నది. అక్కడివారు ఇన్యూట్ జాతివారు. వారి భాష ఇనుక్టిటుట్. 1975లో ఆ ఊరికి టెలివిజన్ ఇస్తామన్నారు. ఊరివారు ఓటు వేసి వద్దన్నారు. 1979లో మళ్ళీ అడిగితే మళ్ళీ వద్దన్నారు. ఆ పెట్టెలో తమ భాష వినిపించదు, అదే కారణము. ఇన్యూట్ వారికి స్వంత ప్రసార సంస్థ ఏర్పడిన తరువాతనే ఒప్పుకొన్నారు. ఇది చదివి నేను కొంతసేపు పుస్తకము మూసి కూర్చున్నాను. మన ఇండ్లలో ఎవరమైనా అట్లా వద్దన్నామా?

జకరియాస్ కునుక్ గారు 1957లో ఆ ప్రాంతమందలి కపుయివిక్ అనే వేట మకాములో పుట్టినారు. తొమ్మిదేండ్ల వయసులో ఇగ్లూలిక్ బడికి పంపినారు. సినిమా టికెట్టు డబ్బుల కొరకు బలపపురాతితో బొమ్మలు చెక్కేవారు. 1981లో మాంట్రియల్ వెళ్ళి, అట్టి బొమ్మలు అమ్మి, వీడియో కెమెరా కొన్నారు. వేట నుండి వచ్చిన తండ్రి, తోటివారు టీ త్రాగుతూ చెప్పుకొనే ముచ్చట్లు పట్టి ఉంచవలెనని ఆయన కోరిక.

అంతకు ముందు వారిని సినిమా తీయలేదా? తీసినారు. 1922లో ఫ్లాహెర్టీ అనే అమెరికా దొర తీసిన 'నానూక్' లోకమంతా చూసినది. అందులో నాయకుడు గ్రామఫోను ఎరుగనివాని వలె పళ్ళెమును కొరుకుతాడు. ఆ నటుని అసలు పేరు అల్లకరియల్లక్. తెర మీద ఆ పేరు లేదు.

పేరు సంగతి వచ్చినది గనుక ఒక మాట. 1940ల నుండి కెనడా ప్రభుత్వము ఇన్యూట్ వారికి మెడలో వేసుకొనుటకు అంకె గల బిళ్ళలు ఇచ్చినది. గుమాస్తాలకు వారి పేర్లు వ్రాయుట కష్టమైనదట! మారిషసులో ఓడ దిగిన మన పూర్వులకును అంకెలు వేసినారు. మహాత్మా గాంధీ సంస్థలోని రికార్డులలో మా ముత్తాత పేరు ఒక తీరున లేదు, అంకె మాత్రము తప్పు లేకుండా ఉన్నది.

1990లో కునుక్ గారు పాల్ అపాక్, పౌలూసి కులిటాలిక్, నార్మన్ కోన్ అనే వారితో కలిసి 'ఇసుమా' సంస్థ పెట్టినారు. ఇసుమా అనగా ఆలోచన. అటనార్జువాట్ అనే వీరుని పాత కథను ఎనిమిది మంది వృద్ధుల నోట విని, రికార్డు చేసి, ముందు తమ భాషలోనే వ్రాసినారు. అపాక్ గారు 1998లో చనిపోయినారు, సినిమా చూడలేదు. పూర్తిగా ఇనుక్టిటుట్ లో తీసిన మొదటి కథాచిత్రము అది. మూడు గంటలకు కొద్దిగా తక్కువ. అన్నను చంపినవారి నుండి వీరుడు దిగంబరుడై, వట్టి కాళ్ళతో మంచు మీద పరుగెత్తుతాడు. 2001లో ఫ్రాన్సు దేశపు కాన్ చిత్రోత్సవములో తొలిచిత్రానికి ఇచ్చే బహుమానము దానికి వచ్చినది.

పాత కథలో వీరుడు శత్రువులను చంపుతాడు. సినిమాలో చంపడు, పెద్దలు వారిని వెలివేస్తారు. పెద్దల కథను మార్చవచ్చునా అని నాకు మొదట కష్టము తోచినది. తరువాత మా అవ్వ జ్ఞాపకము వచ్చినది. ఆమె ఒకే కథను రెండు రాత్రులు రెండు విధములుగా ముగించేది, ఎవరూ తప్పు పట్టలేదు.

2019లో కునుక్ గారు తన పుట్టినచోటికే తిరిగి వెళ్ళినారు, సినిమాలో. కాలము 1961. ప్రభుత్వపు దొర కపుయివిక్ వచ్చి, నోవా పియుగాటుక్ అనే వేటగానిని ఊరికి మారుమనీ, పిల్లలను బడికి పంపుమనీ అడుగుతాడు. మధ్యన దుబాసీ ఉన్నాడు. మాటలు సరిగా దాటవు. టీ చల్లారుతుంది. దొర మళ్ళీ అడుగుతాడు. నోవా వద్దంటాడు.