దేనారం, దీనారం

శ్రీనాథుడు ప్రౌఢదేవరాయల సభలో డిండిమభట్టును గెలవడం, ఆ తర్వాత దీనార టంకాలతో స్నానమాడడం మనం చిన్నప్పటినుంచీ వింటున్న కథే. ఆ ‘దీనారం’ పుట్టిల్లు రోము నగరమని తెలిసిన రోజు నాకు నిద్ర పట్టలేదు. లాటిన్‌లో దెనారియస్ అంటే పదింటి నాణెం. మొదట్లో పది ‘ఆస్’ నాణేలకు ఒక దెనారియస్ వచ్చేది. అది వెండి నాణెం. కైసరుకు పన్ను కట్టాలా వద్దా అని అడిగినవాళ్లు ఏసుక్రీస్తు చేతికిచ్చింది కూడా అదే. తెలుగు బైబిలు దాన్ని దేనారమనే రాసింది. చర్చిలో వినే దేనారమూ, చాటువులో వినే దీనారమూ ఒక తల్లి బిడ్డలే!

ఆ నాణెం ఓడెక్కి మన దేశానికొచ్చింది. మిరియాలకూ ముత్యాలకూ సన్నని నూలుబట్టలకూ రోమన్లు వెండి, బంగారం ధారపోశారు. ఏటా 5 కోట్ల సెస్టర్సులు ఇండియా లాగేసుకుంటోందని 1వ శతాబ్దంలో రోమన్ రచయిత ప్లినీ వాపోయాడు. నాలుగు సెస్టర్సులు ఒక దెనారియస్ కాబట్టి, అది కోటీ పాతిక లక్షల దెనారియస్‌ల లెక్క. ఆయనే ఇంకో ముచ్చట రాశాడు. గాలికి కొట్టుకుపోయి లంకలో తేలిన ఒక రోమన్ దగ్గరి దెనారియస్‌లను అక్కడి రాజు చూశాడట. బొమ్మలు వేర్వేరు చక్రవర్తులవైనా తూకం ఒక్కటే కావడం గమనించి, రోమన్ల నిజాయితీకి ముచ్చటపడ్డాడట. క్రీ.శ. 64లో నీరో చక్రవర్తి ఆ తూకాన్నీ, వెండి పాలునూ తగ్గించాడు. ఆ తర్వాతి దెనారియస్‌లు మన నేలలో అరుదు.

నల్లగొండ జిల్లా అక్కన్‌పల్లిలో ఒక్కచోటే 1,531 వెండి దెనారియస్‌లు దొరికాయి. పరమేశ్వరీలాల్ గుప్తా 1965లో ఆంధ్రప్రదేశ్‌లోని రోమన్ నాణేలపై వేసిన పుస్తకంలో వాటిని పరిచయం చేశారు. మా రాయలసీమకూ ఈ భాగ్యం దక్కింది. నంద్యాల ప్రాంతంలోనూ, కడప జిల్లా అత్తిరాలలోనూ రోమన్ బంగారు నాణేలు బయటపడ్డాయి. మన దేశంలో దొరికిన రోమన్ నాణేల్లో చాలావాటి మీద చక్రవర్తి తలపై ఉలిగాటు ఉంటుంది. లోపలి లోహం చూడడానికని కొందరు, పరాయి రాజు ముద్రను చెరిపేయడానికని కొందరు పండితులంటారు.

నా మనసు మాత్రం ఎప్పుడూ నాగార్జునకొండ దగ్గరే ఆగుతుంది. 3వ శతాబ్దంలో ఇక్ష్వాకు వీరపురుషదత్తుడి కాలం అది. ఉజ్జయిని మహారాజు కూతురు రుద్రధరభట్టారిక అక్కడి మహాచైత్యానికి ఒక స్తంభం నిలిపించి, అందుకు 170 ‘దినారి మాసకాలు’ ఇచ్చానని ప్రాకృతంలో చెక్కించింది. ఉజ్జయిని ఆడపడుచు, కృష్ణ ఒడ్డున బౌద్ధ స్తంభం, రోము నుంచి వచ్చిన నాణెం పేరు: మూడూ ఒక్క రాతి మీద కలిశాయి. అప్పటి మనవాళ్ల లోకం ఎంత పెద్దదో చెప్పడానికి నాకు ఆ రాయి చాలు.

గుప్తుల కాలానికి దీనారమంటే బంగారు నాణెం. 412 నాటి సాంచి శాసనంలో 25 దీనారాల దానం ఉంది. మరో వెయ్యేళ్లకు ఆ మాట శ్రీనాథుడి నోటికి అందింది. వెండి కరిగిపోయినా పేరు కరగలేదు.

కరగడమంటే గుర్తొస్తుంది. 1786లో నెల్లూరు దగ్గర ఒక రైతు నాగలి పాత గుడి ఇటుకలకు తగిలింది. అక్కడ కుండ నిండా రోమన్ బంగారు నాణేలు. పాపం, ఆయన పాత బంగారం కింద అమ్మేశాడు. నవాబు అమీరుల్ ఉమ్రా ముప్పైకి పైగా రాబట్టగలిగాడు. తక్కినవాటిలో ఎన్నో కంసాలి మూసలోకే పోయుంటాయి.

మా కోయిలకుంట్ల చుట్టుపక్కల లంకెబిందెల మాట నేటికీ చల్లారలేదు. ఇప్పుడు మెటల్ డిటెక్టర్లు వచ్చాయి. సీమలో గుప్తనిధుల పేరుతో రాత్రికి రాత్రి గుళ్లు పెకలిస్తున్నారు, నంది విగ్రహాలు పగలగొడుతున్నారు. యంత్రానిది తప్పు కాదు. 2010లో ఇంగ్లండులోని ఫ్రోమ్ దగ్గర ఒక వంటమనిషికి పొలంలో అదే యంత్రం ఒక కుండ చూపించింది. ఆయన తవ్వకం ఆపి పురావస్తువాళ్లను పిలిచాడు. వాళ్లు పొరలు పొరలుగా 52,503 రోమన్ నాణేలు తీశారు. చివరి కాలపు నాణేలు చాలావరకు కుండ లోతులో ఉండడంతో, ఏళ్ల తరబడి దాచింది కాదనీ, ఒకేసారి నింపారనీ తేలింది. ఆయన ఆత్రపడి కుండ బోర్లించి ఉంటే ఆ సంగతి ఎప్పటికీ తెలిసేది కాదు.

మనకూ 1878 నాటి నిధుల చట్టం ఉంది. పది రూపాయల పైబడిన నిధి దొరికితే కలెక్టరుకు తెలపాలి. దాస్తే ఏడాది దాకా జైలు. హక్కుదారు ఎవరూ లేరని తేలాక, వేరే ఒప్పందం లేకపోతే దొరికినవాడికి ముప్పావు, నేల యజమానికి పావు. సర్కారు తీసుకుంటే లోహం విలువ, దాని మీద ఐదోవంతు ఇస్తుంది. చరిత్రకు ఆ ఐదోవంతే ధర కట్టడం అన్యాయం. ఈ చట్టాన్ని మార్చాలి.

అందాకా, నాగలికి కుండ తగిలిన రైతన్నకు నా మనవి ఒక్కటే. చెయ్యి లోపల పెట్టకు, కుండ కదపకు, కలెక్టరుకు కబురు పంపు. అందులో ఏముందన్నది ఎంత ముఖ్యమో, ఏది దేని కింద ఉందన్నదీ అంతే ముఖ్యం.