బార్బరా సుకోవా: గొంతుతో గీసిన మనుషులు

1980 చివరి నెలలు. పశ్చిమ జర్మనీలో ఒక ఇంటి ముందుగది. టీవీలో ఫాస్‌బిండర్ తీసిన 'బెర్లిన్ అలెగ్జాండర్‌ప్లాట్స్' వస్తోంది. 13 భాగాలు, ఆపైన ఉపసంహారం, అన్నీ కలిపి 15 గంటలకు పైమాటే. బొమ్మ మరీ చీకటిగా ఉందని దేశమంతా విసుక్కుంటోంది. మనమూ కళ్లు చిట్లించి చూస్తున్నాం.

ఆ మసకలోకి మీత్సె అనే అమ్మాయి వస్తుంది. పసిపిల్లలాంటి సన్నని గొంతు. ఫ్రాంత్స్ అనే మొరటు మనిషే ఆమె లోకం. ఒకరోజు, ఇంకో కుర్రాడి మీద మనసు పడ్డానని దాపరికం లేకుండా అతనికే చెప్పేస్తుంది. ఫ్రాంత్స్ చేయి లేస్తుంది. అప్పుడు ఆ సన్నని గొంతులోంచి కేక పుడుతుంది. అయిపోయిందనుకునేలోగా మళ్లీ అందుకుంటుంది. వింటున్న మనకు ఊపిరి ఆడదు.

ఆ నటి బార్బరా సుకోవా. 1950లో బ్రెమెన్‌లో పుట్టింది, నాటకాల్లో రాటుదేలి వచ్చింది.

ఏడాది తిరిగింది. ఇప్పుడు సినిమా హాల్లో ఉన్నాం. ఫాస్‌బిండర్ 'లోలా'. యుద్ధం తర్వాత డబ్బు రుచి మరిగిన ఓ చిన్న ఊరు, అందులో ఓ వేశ్యాగృహం. ఎరుపు, గులాబీ దీపాల కింద లోలా పాడుతోంది. తనను మర్యాదస్తురాలనుకుని ప్రేమించిన అధికారి ఆ గుంపులో నిలబడి చూస్తున్నాడు. చూపులు కలిశాయి. అతను వెళ్లిపోయాడు. ఆమె పాట అందుకుంది, అందులో రాగం కన్నా అరుపే ఎక్కువ. జనం కేరింతలు కొడుతున్నారు. ఆమె పరువు పోయిన క్షణమది. అది తెలిసింది హాల్లో కూర్చున్న మనకే.

అదే 1981లో మార్గరెటా ఫోన్ ట్రోటా 'డీ బ్లైయెర్నె త్సైట్' వెనిస్‌లో గోల్డెన్ లయన్ గెలిచింది. ఇక్కడ సుకోవా తుపాకీ పట్టి జైలుపాలైన మారియానె. చూడటానికి వచ్చిన అక్కతో ములాఖత్ గదిలో ఆమె మాట కరుకు, ఆజ్ఞలా ఉంటుంది. కొన్నాళ్లకు అక్కాచెల్లెళ్ల మధ్య అద్దం అడ్డొస్తుంది. అక్క ముఖం ఆ అద్దంలో పడి చెల్లెలి ముఖంతో కలిసిపోతుంది. లోలాను చూసిన కళ్లతోనే చూస్తున్నా, ఈమె ఆమేనని తోచదు.

విప్లవకారిణి రోజా లక్సెంబర్గ్ మీద సినిమా తీయాలనుకున్న ఫాస్‌బిండర్ 1982లో చనిపోయాడు. దాన్ని ట్రోటా తీసింది, రోజాగా సుకోవా. కుంటుతూ నడిచే ఆ చిన్న మనిషి వేదికెక్కి నోరు విప్పితే సభ నిండిపోతుంది. 1986లో కాన్స్ ఉత్తమ నటి బహుమతి సుకోవానూ, బ్రెజిల్ నటి ఫెర్నాండా టోరెస్‌నూ వరించింది.

నా దృష్టిలో ఆమె బహుముఖ ప్రజ్ఞకు మూలం గొంతే. వేషం, జుట్టు ఆ తర్వాతే. స్వరకర్త షోన్‌బెర్గ్ 'పియెరో లునేర్'ను ఆమె కచేరీ వేదికల మీద వినిపించడం కాకతాళీయం కాదు. పాటకూ మాటకూ నడుమ నడిచే ఆ 21 కవితలకు స్వరం మీద పట్టు, అర్థం మీద ధ్యాస రెండూ కావాలి.

2012. 'హన్నా ఆరెంట్' సినిమాలో తరగతి గది. తత్వవేత్త ఆరెంట్‌గా సుకోవా సిగరెట్ ముట్టించింది. నాజీ అధికారి ఐక్‌మన్ గురించి, ఆలోచించడం మానేసిన మనిషి చేసే ఘోరం గురించి జర్మన్ యాసతో ఇంగ్లీషులో చెబుతోంది. కొన్ని నిమిషాల పాటు ఉపన్యాసం తప్ప మరేం లేదు, అయినా బెంచీ మీద కదలబుద్ధి కాదు. విద్యార్థులు చప్పట్లు కొడతారు. గది ఖాళీ అయ్యాక పాత మిత్రుడు హన్స్ యోనాస్ వచ్చి స్నేహం తెంచుకుంటాడు. ఇంతసేపూ తడబడని ఆ గొంతు ఇప్పుడు మాట వెతుక్కుంటుంది.

2019లో ఫ్రెంచి సినిమా 'దూ'. ఎదురింటి మదలీన్‌ను రహస్యంగా ప్రేమించిన నీనాగా, తలుపు కన్నంలోంచి మెట్ల గదిని చూస్తూ నిలబడింది. మదలీన్‌కు పక్షవాతం వచ్చి మాట పడిపోయింది. తనెవరో ఆ ఇంట్లోవాళ్లకు చెప్పుకునే హక్కు నీనాకు లేదు. దాదాపు 70 ఏళ్ల వయసులో సుకోవా ఇక్కడ నోరు నొక్కేసుకున్న మనిషి ఉక్రోషాన్ని చూపింది.

మీత్సె కేక నుంచి నీనా మౌనం దాకా వరసగా చూడండి. ఒక పాత్ర గొంతు ఇంకో పాత్రకు అరువివ్వని నటి ఎంత అరుదో తెలుస్తుంది.